ఉసేనప్ప

తండ్రి పేరు ఉసేనప్ప అని చెబితే బళ్లో అయ్యవారు కలం ఆపాడు. "ఇంతకీ మీరు సాయిబులా, కాదా?"

అరబ్బీలో హసన్ అంటే మంచివాడు, అందగాడు. దాన్నే ముద్దుగా చిన్నది చేస్తే హుసేన్. ప్రవక్త మనవడి పేరది. 680లో కర్బలా దగ్గర యజీదు సైన్యం ఆయన్ని చంపింది. ఆ శోకమే పీర్ల పండగై మన ఊళ్లకొచ్చింది. పీరుకు మొక్కుకుంటే పుట్టిన బిడ్డకు, ఏ కులమైనా సరే, ఉసేనప్పనో ఉసేనమ్మనో పేరు పెట్టుకున్నారు. 'హ' జారిపోయింది, పలికే నోరు తెలుగుది గదా! అప్ప వచ్చి చేరాడు. మా దూదేకుల ఇళ్లలో తాత పేరు మనవడికి దిగింది.

ఇప్పుడు ఒకరు 'అప్ప' తీసెయ్యమంటారు, ఇంకొకరు 'ఉసేను' తీసెయ్యమంటారు. నాయన రేషన్ కార్డులో రెండూ ఉన్నాయి.