కోర్టు ఫీజు అనే మూఢనమ్మకం

సూరత్ మరమగ్గాల మీద బతికే మన తెలంగాణ నేత కార్మికుడు సివిల్ దావా వెయ్యాలంటే ముందు కోర్టు ఫీజు కట్టాలి. ఎందుకంటే, ఫీజు లేకపోతే దొంగ దావాలు పెరుగుతాయట! 1795లో బెంగాల్లో కంపెనీ వాళ్ళు చెప్పిన సాకిది. ఫీజు దొంగ దావానే కాదు, నిజమైన దావానీ ఆపుతుంది కదా? 1835లో మెకాలే అంతటివాడే దీన్ని అసంబద్ధమన్నాడు.

1908 సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని 33వ ఆర్డర్ పేదవాడికి ఫీజు లేకుండా దావా వేసే దారి ఇచ్చింది. అప్పట్లో అతను 'పాపర్'. 1976 సవరణతో 'ఇండిజెంట్ పర్సన్' అయ్యాడు. గౌరవం పెరిగింది, సంతోషం. కానీ ఆస్తుల జాబితా రాసి, మామూలుగా తనే కోర్టుకెళ్ళి ఇవ్వాలి. ఆ రోజు కూలి పోయినట్టే. పైగా ఓడిపోతే ఆ ఫీజు మళ్ళీ కట్టమంటారు! లేదని ఒప్పుకున్నాకే కదా అనుమతిచ్చింది?

1987 న్యాయ సేవల చట్టం పారిశ్రామిక కార్మికుడికి ఆదాయంతో పని లేకుండా ఉచిత సాయం ఇస్తుంది. మరి ఇతను కార్మికుడేనని మగ్గాల షెడ్డులో కాగితం రాసిచ్చేదెవరు?