లూయిస్ ద్వీపపు చదరంగ బలములు

1831 ఏప్రిల్ 11వ తేదీన, ఎడింబరో నగరమునందు, స్కాట్లండు పురావస్తు పండితుల సంఘమువారి సమావేశమునకు వచ్చిన పెద్దలకు ఒక విచిత్రమైన సైన్యము దర్శనమిచ్చినది. వాల్రస్ అను సముద్రజంతువు కోరలయందు చెక్కబడిన రాజులు, రాణులు, బిషప్పులు, అశ్వికులు, కాలిభటులు. అందులో మిక్కిలి పొడవైన రాజు సైతము నాలుగంగుళముల వాడు. స్కాట్లండునకు వాయవ్యదిశను అట్లాంటిక్ మహాసముద్రము అంచున నున్న లూయిస్ ద్వీపమునుండి రోడరిక్ రైరీ అను నాతడు వీనిని తెచ్చెను. ఆ ద్వీపపు పడమటి తీరమున, ఊయిగ్ అఖాతము చెంత, ఇసుకతిన్నెలలో ఇవి దొరకినవి.

ఎవరికి, ఏ చోట, ఎంత లోతున దొరకినవన్న ప్రశ్నకు మాత్రము నాడే సమాధానములు పెక్కు పుట్టినవి. మాల్కమ్ మెక్లౌడ్ అను స్థానికునకు దొరకినవని ఒక వాడుక. మేయుచున్న ఆవు కొమ్ములతో ఇసుకను కుమ్మగా బయటపడినవని మఱియొక కథ. ఓడనుండి పాఱిపోయి వచ్చిన నావికుని ఒక పసులకాపరి చంపి, వాని మూటను పాతిపెట్టెననియు, ఆ సొత్తు వానికి అచ్చిరాలేదనియు ఇంకొక కథ. నిధి యున్నచోట నెత్తురు లేకున్న జానపదులకు తృప్తి కలుగదు కాబోలు. తవ్వినవారు గాని, కొన్నవారు గాని ఆ చోటు పటమును గీయలేదు. చరిత్రకారునకు వస్తువు ఎంత ముఖ్యమో అది పడియున్న చోటును అంత ముఖ్యము. లూయిస్ విషయమున వస్తువు దక్కి చోటు పోయినది. పండితులు వస్తువును మాత్రమే ప్రశ్నించి, దాని నోటినే సాక్ష్యము రాబట్టవలసి వచ్చినది.

ఈ సాక్షులు మూగవారు కారు. చదరంగము భరతఖండమున పుట్టి, పారసీకుల చేతులు మారి, అరబ్బులతో ప్రయాణము చేసి ఐరోపాఖండమునకు చేరునప్పటికి ఆ సైన్యమున అధికారులే మాఱిపోయిరి. మన మంత్రి యుండు గడిలో అచ్చట రాణి కూర్చున్నది. మన శకటు స్థానమున క్రైస్తవ గురువైన బిషప్పు దండము పూని నిలిచినాడు. మూలలలో మన ఏనుగులకు బదులు డాలు, ఖడ్గము ధరించిన భటులున్నారు. రాజులు సింహాసనములపై కూర్చుండి, ఒరలోని కత్తిని తొడలపై అడ్డముగా పెట్టుకొని, రెండు చేతులతో పట్టుకొనియున్నారు. రాణులందఱు కుడిచేతిని చెంపకు చేర్చి యున్నారు. అది విచారమో, విసుగో, వివేకమో చూచువారి చిత్తవృత్తిని బట్టి యుండును. భటులలో కొందఱు కన్నులు మిటకరించి డాలు అంచును పండ్లతో కొఱుకుచున్నారు. ఉత్తరదేశపు వీరగాథలలో యుద్ధావేశమున ఒడలు మఱచునట్లు వర్ణింపబడిన బెర్సర్కులు వీరే. బంట్లకు మాత్రము ముఖములు లేవు. అవి సమాధిరాళ్లవలె చెక్కిన దిమ్మలు. ఏ దేశపు శిల్పియు బంటునకు మొగము చెక్కుటకు శ్రమపడడేమో!

కాలనిర్ణయమునకు మొదటి ఆధారము బిషప్పుల టోపీ. పండ్రెండవ శతాబ్ది మధ్యమువరకు ఆ టోపీ కొమ్ములు తలకు రెండు ప్రక్కల నుండెడివి. తరువాత ముందు వెనుకలకు తిరిగినవి. లూయిస్ బిషప్పుల టోపీలు ఈ రెండవ తీరువి. కనుక ఇవి 1150 తరువాతివని, బహుశః 1200 లోపలివని పండితులు తలపోసిరి. బ్రిటిష్ మ్యూజియమునందలి ఫ్రెడరిక్ మాడెన్ 1832లో వ్రాసిన దీర్ఘవ్యాసమున వీని జన్మస్థానము ఐస్లాండు అని ఊహించెను. నేడు ఎక్కువమంది నార్వే దేశపు ట్రోండ్‌హైమ్ నగరమువైపు మొగ్గుచున్నారు. సింహాసనముల వెనుక చెక్కిన లతలు, పెనవేసికొన్న మృగములు ఆ నగరపు శిల్పమును పోలియున్నవి. ఇటువంటి రాణి ముక్కయొకటి అచ్చటనే దొరకి, తరువాత కనబడకపోయి, చిత్రముగా మాత్రము మిగిలినది. ఐస్లాండు వాదమును ఇంకను విడువని వారును కలరు.

ట్రోండ్‌హైమ్ అనగానే స్కాట్లండు చరిత్రను ఎడింబరో కోటనుండి చూచు అలవాటు మనము మానుకొనవలసి యుండును. ఆ కాలమున లూయిస్ ద్వీపము స్కాట్ల రాజుది కాదు. 1098లో నార్వే రాజు మాగ్నస్ నౌకలతో వచ్చి పశ్చిమ ద్వీపములను తన యేలుబడిలోనికి తెచ్చికొనెను. పండ్రెండవ శతాబ్ది మధ్యమున ట్రోండ్‌హైమ్‌లో ఆర్చిబిషప్పు పీఠము నెలకొనగా, ఈ ద్వీపముల బిషప్పు సైతము దానికి లోబడెను. షెట్లండు, ఆర్క్నీ, లూయిస్, మాన్, డబ్లిన్ అను వరుసలో ఓడలకు సముద్రమే రాజమార్గము. మనము నేడు మారుమూల యనుకొను ద్వీపము నాడు బాటప్రక్క మజిలీ. 1263లో లార్గ్స్ తీరమున స్కాట్లతో పోరాడిన నార్వే రాజు హాకన్ ఆ యేడే ఆర్క్నీలో మరణించిన పిమ్మట, 1266లో పెర్త్ సంధివలన నాలుగువేల మార్కులకును, ఏటేట నూఱు మార్కుల కప్పమునకును, ఈ ద్వీపములు స్కాట్లండు వశమైనవి.

వర్తకుడెవడో ఐర్లండుకు పోవుచు సరకును ఇచ్చట పాతిపెట్టెనని చాలకాలము చెప్పుచుండిరి. 2009లో డేవిడ్ కాల్డ్‌వెల్ అను పురావస్తు పండితుడు, ఆయన సహచరులు ఆ బొమ్మల ముఖములను కొలిచి పలువురు శిల్పుల చేతులను వేఱుపఱచి, సొంతదారుడు ఆ ద్వీపమునందలి ప్రముఖుడే కావచ్చునని సూచించిరి. నాకు ఈ మాటయే సమంజసముగ తోచుచున్నది. చదరంగమాడు దొర ఆ ద్వీపముననే ఉండరాదా? మనము దానిని ఇసుకదిబ్బగా భావించుటవలననే కదా, త్రోవన పోవు వర్తకుని కల్పింపవలసివచ్చినది.

ఇచ్చట తెలుగువానికి ఒక వింత తోచకపోదు. మన కైఫీయతులను సేకరింపించిన కర్నల్ కాలిన్ మెకంజీ ఈ లూయిస్ ద్వీపపు స్టోర్నోవే పట్టణమున పుట్టినవాడు. కావలి బొఱ్ఱయ్య, లక్ష్మయ్య సోదరుల తోడ్పాటుతో ఊరూర శాసనములను, కరణాల లెక్కలను, స్థలపురాణములను వ్రాయించినవాడు. జమీందారు వాసిరెడ్డి వేంకటాద్రినాయుని కాలమున తవ్వకమునకు గుఱియైన అమరావతి స్తూపపు దిబ్బను చూచి, పిదప 1816లో చిత్రకారులతో మరలివచ్చి, ఒక్కొక్క ఫలకమునకు పటము గీయించినవాడు. అతడు 1821లో కన్నుమూసెను. అతని పద్ధతిలో ఒక్క పుట వ్రాయువాడు పదేండ్లకు అతని జన్మద్వీపమున కఱవైనాడు.

మొత్తము తొంబదిమూడు వస్తువులలో చదరంగ బలములు డెబ్బదియెనిమిది; తక్కినవి వేఱొక ఆటకు చెందిన పదునాలుగు బిళ్లలు, ఒక నడికట్టు బిగింపు. ఇందు ఎనుబదిరెంటిని బ్రిటిష్ మ్యూజియము ఎనుబది గినీలకు కొనెను. చార్లెస్ కిర్క్‌పాట్రిక్ షార్ప్ అను ఎడింబరో రసికుడు అంతకుముందే పదింటిని ఏఱుకొని, తరువాత మఱియొకదానిని సంపాదించెను. ఆ పదునొకండు చేతులు మాఱి 1888లో స్కాట్లండు సంఘమునకు చేరినవి. లండనులోనున్నవి స్కాట్లండుకు రావలెనన్న వివాదము నేటికిని చల్లాఱలేదు. బ్రిటిష్ మ్యూజియమువారు ఆఱింటిని దీర్ఘకాలపు ఎరవుగా స్టోర్నోవే ప్రదర్శనశాలకు ఇచ్చిరి.

నాలుగు ఆటల బలములుగా లెక్కించినచో ఒక గుఱ్ఱము, నలుగురు భటులు, నలుబదియైదు బంట్లు తక్కువ. ఆ నలుగురు భటులలో ఒకడు 2019లో బయల్పడెను. 1964లో ఎడింబరోకు చెందిన పాతవస్తువుల వర్తకుడొకడు వానిని అయిదు పౌనులకు కొని, తన పద్దుపుస్తకమున వాల్రస్ దంతపు చదరంగ వీరుడని వ్రాసికొని, ఇంట పెట్టుకొనెను. వాని విలువను ఆ కుటుంబమువారు ఎఱుగరు. వేలములో 7,35,000 పౌనులు పలికెను. అయిదు పౌనుల బేరమునకు పద్దున్నది. 1831 మొదలు 1964 వరకు వాడు ఎవరి యింట నుండెనో తెలుపు పద్దు లేదు.