బిల్లు లేని విత్తనం

పొట్లం మీద పేరు లేదు. కంపెనీ లేదు, లాట్ నంబరు లేదు, గడువు తేదీ లేదు. ఉత్త తెల్ల కవరు, నోటికి దారం ముడి.

"ఇదేందన్నా, ముద్దర లేదే?"

"ముద్దరతో ఏం పని? చేన్లో ఏసి చూడు. గడ్డిమందు కొట్టినా పత్తికేం కాదు. కసువంతా మాడిపోతాది."

"మరి బిల్లు?"

వచ్చినాయన నవ్వినాడు. ఇంటాయన మళ్లీ అడగలేదు.

2017 జూన్, కొత్తపల్లె. ఈ బేరం ఫలానా ఇంట్లోనే జరిగిందని నేను చెప్పను. నంద్యాల, ఆళ్లగడ్డ చుట్టుపక్కల నల్లరేగడి ఊళ్లలో సాగే ఇలాంటి బేరాలను ఒక అరుగు మీదికి తెచ్చి కూర్చోబెట్టాను, అంతే. పేర్లు అడక్కండి.

డిటెక్టివ్ నవలల్లో రహస్య ముఠా అంటే ముసుగులుంటాయి, ప్రమాణాలుంటాయి. ఇక్కడ ముఠాలో చేరడానికి ఒక్కటే షరతు: బిల్లు అడక్కూడదు. అమ్మేవాడికి తెలుసు, కొనేవాడికి తెలుసు, టీ బంకు దగ్గర కూర్చున్న నలుగురికీ తెలుసు. "బీజీ-3" అని ఊరంతా పిలిచే ఆ విత్తనానికి మన దేశంలో ఆ పేరుతో అనుమతే లేదు. పురుగును తట్టుకునే బీటీ పత్తిలో బీజీ-1 ఉంది, 2006లో వచ్చిన బీజీ-2 ఉంది. ఈ మూడోది బజారు పెట్టిన పేరు.

ఇంటాయన ఎందుకు కొన్నాడో తెలియాలంటే రేగడిలో నాలుగు రోజుల ముసురు చూడాలి. చేన్లో కాలు పెడితే మోకాలిదాకా దిగుతుంది. గుంటక పోదు, దంతె పోదు. ఎండ కాసేసరికి పత్తి జానెడు, కసువు మూరెడు. అప్పుడు ఊరందరికీ ఒకే రోజు కూలోళ్లు కావాలి. ఆటో పంపినవాడికే మనుషులు దొరుకుతారు. ఆ లెక్క ముందు చట్టం గుర్తుకు రాదు. ఇంకో సంగతి కూడా ఉంది, దాన్ని ఎవరూ పెద్దగా రాయరు. ఆ కలుపు తీసేది ఆడకూలీలు. గడ్డిమందు డబ్బా మిగిల్చే డబ్బంతా వాళ్ల కూలిలోంచి పోయిందే.

ఇంతకీ ఆ గుణం పత్తికి ఎక్కడిది? గ్లైఫోసేట్ అనే గడ్డిమందు మొక్కలో ఒక ఎంజైమును పట్టి ఆపేస్తుంది. మొక్క ఆకలితో చచ్చినట్టు పసుపెక్కి పోతుంది. అమెరికాలో మోన్‌శాంటో కంపెనీ వాళ్ల గడ్డిమందు ఫ్యాక్టరీ వ్యర్థాల్లో ఒక బ్యాక్టీరియా ఆ విషంలోనే బతుకుతూ కనిపించింది. దాని జన్యువు తీసి పంటల్లో పెట్టారు. మన దేశంలో ఆ పత్తికి అనుమతి కోసం పెట్టిన దరఖాస్తును 2016లో వెనక్కి తీసుకున్నారు. దరఖాస్తు పోయింది కానీ విత్తనం పోలేదు.

ఇలా జరగడం మొదటిసారి కూడా కాదు. 2001లో గుజరాత్‌లో పచ్చపురుగు పత్తిచేలన్నిటినీ ఊడ్చేస్తుంటే నవభారత్-151 అనే విత్తనం వేసిన చేలు మాత్రం పచ్చగా నిలబడ్డాయి. పరీక్షిస్తే పురుగును చంపే బీటీ జన్యువు బయటపడింది. బీటీ పత్తికి అధికారికంగా అనుమతి వచ్చింది 2002 మార్చిలో. అంటే దొంగ మొక్క దొర మొక్క కంటే ముందే వచ్చింది.

దొర మొక్క కథా తెలిసిందే. 450 గ్రాముల పాకెట్టు 1,600 రూపాయలు దాటితే, అందులో సింహభాగం జన్యువు మీద రుసుము. 2006లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం గుత్తాధిపత్యాన్ని విచారించే ఎంఆర్‌టీపీ కమిషన్‌కు వెళ్లి, ధరను 750కి దించింది. పెత్తనం బిల్లుతో వచ్చింది కాబట్టే దాన్ని పట్టుకుని నిలదీయగలిగారు. ఈ తెల్ల కవరును ఏ కమిషన్ ముందు పెడతాం?

నంద్యాల ప్రాంతం గురించి ఇక్కడ ఒక మాట చెప్పాలి. ఇది ఒట్టి పత్తి సీమ కాదు, పత్తి విత్తనాల సీమ. సాయంత్రం ఆడచెట్టు మీద రేపు విచ్చే మొగ్గను ఒలిచి పుప్పొడి తిత్తులు తీసేయడం, పొద్దున్నే మగచెట్టు పువ్వు తెచ్చి దాని మీద రుద్దడం. "క్రాసింగ్" అంటారు. ఆ పని తెలిసిన చేతులు ఇంటింటా ఉన్నాయి. మగచెట్టులో ఆ జన్యువు ఒకసారి చేరిందా, ఇక ల్యాబ్ అక్కర్లేదు. విత్తన పంట వేయించే ఆర్గనైజరు, అర ఎకరం చేను, నోరు మెదపని పదిమంది చాలు. ముఠా బలమంతా ఈ నైపుణ్యమే.

ఆగస్టులో చేనికి అధికారులు వచ్చారనుకోండి. లేత ఆకు చిటికెడు తుంచి, చిన్న గొట్టంలో నీళ్ల మందు పోసి నలిపి, అందులో కాగితపు పట్టీ ముంచుతారు. ఒక గీత వస్తే మామూలు పత్తి, రెండు గీతలొస్తే ఆ పత్తి. కేంద్ర బయోటెక్నాలజీ విభాగం 2017లో వేసిన కమిటీ తేల్చింది కూడా ఇదే: ఆంధ్ర, తెలంగాణ, మహారాష్ట్ర, గుజరాత్ రాష్ట్రాల పత్తి విస్తీర్ణంలో దాదాపు 15 శాతం ఈ అనుమతి లేని విత్తనమేనని. అప్పటి పర్యావరణ చట్టం ప్రకారం 5 ఏళ్ల దాకా జైలు, లక్ష రూపాయల దాకా జరిమానా. 15 శాతం పొలాన్ని జైల్లో పెట్టడం ఎవరి తరం?

ఇంటాయన చేన్లో కసువు నిజంగానే మాడింది. గాలివాటానికి పక్క చేలో కంది కూడా పసుపెక్కింది. "ఏం మామా, నా కంది మీద పడ్డావే?" అని పొరుగాయన గట్టు మీద నిలబడి అడిగితే చెప్పడానికి మాట లేదు. ఆనక గులాబీ పురుగు దిగింది. గడ్డిమందును తట్టుకునే జన్యువు పురుగునేం చేయదు. బీజీ-2కే ఆ పురుగు అప్పటికి లొంగడం మానేసింది.

పంట పోయినవాడు మామూలుగా వ్యవసాయాఫీసుకు పోతాడు, వినియోగదారుల కమిషన్‌కు పోతాడు. ఇతను ఎక్కడికి పోతాడు? ఫిర్యాదు రాస్తే మొదటి వాక్యంలోనే తన నేరం ఒప్పుకోవాలి. పొట్లం అమ్మినాయన నవ్విన నవ్వు అప్పుడు అర్థమైంది.

ఆ గడ్డిమందుకు కూడా తర్వాత కళ్లెం పడింది: 2022 అక్టోబరులో గ్లైఫోసేట్‌ను పెస్ట్ కంట్రోల్ ఆపరేటర్లు తప్ప ఎవరూ వాడరాదని కేంద్రం ఉత్తర్వు ఇచ్చింది.

వచ్చే ముంగారికి విత్తనం కొనే రైతన్నలకు ఒక మనవి. బిల్లు అడగండి. ఇవ్వనంటే లేచి రండి. ఖాళీ పాకెట్టు, దాని మీద ట్యాగు, గుప్పెడు గింజలు, ఆ బిల్లు, ఈ నాలుగూ పత్తి ఇల్లు చేరేదాకా పారేయకండి.