రెండు డిస్కుల నడుమ విదేశీ చిత్రం

బెంగాల్ నాగపూర్ రైల్వే కాలంలో ఉత్తరాంధ్ర నుంచి వలస వెళ్లిన తెలుగువారు ఖరగ్‌పూర్‌లో తరాలుగా స్థిరపడ్డారు. ఊరికి సమీపంలోని సాలువాలో ఈస్టర్న్ ఫ్రాంటియర్ రైఫిల్స్ స్థావరం ఉంది. అక్కడ వినిపించేది నేపాలీ. బజారులో బెంగాలీ, హిందీ. ఇన్ని భాషల నడుమ పెరిగిన ప్రేక్షకునికి పరాయి భాష కొత్త కాదు. పరాయి దేశపు చిత్రం దొరకడమే కష్టం.

అందుకు ఒకప్పుడు కలకత్తా రైలెక్కవలసి వచ్చేది. సత్యజిత్ రాయ్, చిదానంద దాస్‌గుప్తా ప్రభృతులు 1947లో అక్కడ ఫిలిం సొసైటీ నెలకొల్పారు. 1952 నాటి తొలి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం ఆ నగరాన్నీ పలకరించింది. చీకటి హాలు, ఒకే ప్రింటు, ఆట ముగిశాక వాదోపవాదాలు: చూడడమంటే అదంతా కలిసినదే.

1993లో ప్రమాణం ఏర్పడిన వీసీడీ ఈ దూరాన్ని తుడిచివేసింది; దానితోపాటు మరికొన్నింటినీ తుడిచింది. ఒక్కో డిస్కు సుమారు 74 నిమిషాలే. కురొసావా ‘రషోమాన్’ 88 నిమిషాల చిత్రం. పరస్పర విరుద్ధమైన సాక్ష్యాల మీద నిలిచిన ఆ కథను, చివరి పావుగంట ముందు ఆపి, లేచి, డిస్కు మార్చాలి. ‘సెవెన్ సమురాయ్’కు దర్శకుడే విశ్రాంతి ఏర్పరచాడు. 207 నిమిషాలను మూడు డిస్కులకు పంచేటప్పుడు ఆ విశ్రాంతికి విలువ ఏమున్నది? పైగా సెకనుకు 24 ఫ్రేముల చిత్రాన్ని మన పాల్ పద్ధతిలో సాధారణంగా 25 చొప్పున నడుపుతారు. వంద నిమిషాల చిత్రం 96లో ముగుస్తుంది. సరిదిద్దకపోతే గొంతులు కొద్దిగా పలచబడతాయి. ఈ మార్పును గుర్తించేవారు అరుదు, కాని సంగీతజ్ఞులకు అది తెలియవచ్చు.

1996లో జపాన్‌లో విడుదలైన డీవీడీ బొమ్మను తేటపరచింది, కాని ప్రపంచాన్ని మండలాలుగా విభజించింది. అమెరికాది ఒకటవ మండలం, జపాన్‌ది రెండు, మనది ఐదు. అమెరికాలోని బంధువు ప్రేమతో పంపిన డిస్కు ఇక్కడి యంత్రంలో మొరాయించవచ్చు. వీసీడీకి ఈ సరిహద్దు లేదు.

వీసీడీలో ఉపశీర్షికలు బొమ్మలోనే ముద్రితమై ఉండేవి. డీవీడీలో 32 వరకు విడివిడిగా చేర్చే వీలుంది. తెలుగుకూ అందులో చోటుంది. కాని జపాను చిత్రానికి సామాన్యంగా దొరికేది ఇంగ్లీషే. రైల్వే క్వార్టర్సులోని పెద్దవారికి దానిని పక్కనున్న మనుమడు చదివి చెప్పాలి, చెప్పేలోగా దృశ్యం మారిపోతుంది.