పొగను లాగేదేది? లాంతరు చిమ్నీ నుంచి వంటింటి ఫ్యాను వరకు

ఈనాడు చిలకలూరిపేటలో కొత్తగా కట్టిన ఏ అపార్ట్‌మెంటులోకైనా వెళ్ళి ‘చిమ్నీ’ ఏదని అడిగితే, గ్యాసు పొయ్యికి పైన గోడకు బిగించిన స్టీలు పెట్టెను చూపిస్తారు. అందులో ఒక ఫ్యాను, దాని కింద జిడ్డును పట్టే జల్లెడ, వెనుక నుంచి బయటకు పోయే గొట్టం ఉంటాయి. యాభై ఏళ్ళ క్రితం ఇదే ఊరిలో ఆ మాట అంటే చాలా ఇళ్ళలో లాంతరు గాజు అని అర్థం. పొద్దుగూకే వేళకు దానికి పట్టిన మసిని మెత్తని గుడ్డతో తుడిచి దీపం పెట్టడం ఇంటి పిల్లల పని. మిల్లులలో పనిచేసేవారికి మాత్రం చిమ్నీ అంటే ఆకాశంలోకి లేచిన ఇటుక గొట్టం. వస్తువులు మూడు, పేరు ఒకటి. చేసే పని కూడా ఒకటే: మంట నుంచి పుట్టిన వేడి గాలిని ఒక దారిన పైకి లాగడం.

దీపానికి చిమ్నీ వచ్చింది, మిల్లుకు వచ్చింది. తరతరాలుగా ఇంటిల్లిపాదికీ అన్నం వండి పెట్టిన కట్టెల పొయ్యికి మాత్రం రాలేదు. వచ్చినప్పుడు కూడా నిలవలేదు. పాఠకులారా, దీనికి కారణం పేదరికం ఒక్కటే అనుకుంటే పొరపాటు. కొంత భౌతికశాస్త్రం, కొంత మన ఇళ్ళ నిర్మాణం, మరికొంత మన ఇళ్ళలో ఎవరి ఊపిరికి ఎంత విలువ కట్టామన్న సంగతి ఇందులో కలిసి ఉన్నాయి.

ముందుగా పొగగొట్టం ఎలా పనిచేస్తుందో చూద్దాం. వేడెక్కిన గాలి తేలికవుతుంది. గొట్టం లోపలి తేలిక గాలికీ, బయటి బరువు గాలికీ గల తేడాయే పొగను పైకి నెడుతుంది. దీనిని మనం ‘లాగుడు’ అంటాము. గొట్టం ఎంత ఎత్తయితే, లోపలి వేడికీ బయటి వేడికీ తేడా ఎంత ఎక్కువైతే, లాగుడు అంత బలంగా ఉంటుంది. అయితే ఆ బలం ఎంత స్వల్పమో తెలిస్తే ఆశ్చర్యపోతారు. మూడు మీటర్ల గొట్టంలో పొగ 100 డిగ్రీల వేడితో ఉండి, బయట 30 డిగ్రీలు ఉంటే లాగుడు సుమారు 6 పాస్కల్‌లు. నీటి మట్టంగా చెప్పాలంటే ఒక మిల్లీమీటరు కూడా కాదు. బయట గడ్డకట్టే చలి ఉన్న దేశంలో అదే గొట్టం 10 పాస్కల్‌ల బలంతో లాగుతుంది. మన పల్నాటి మే నెలలో, ఎండ 43 డిగ్రీలకు చేరిన మధ్యాహ్నం, దాని బలం 5కు పడిపోతుంది. కట్టెలు తడిగా ఉండి పొగ చల్లబడితే అందులోనూ సగం పోతుంది. చలిదేశపు వాడికి చక్కగా పనిచేసిన గొట్టం మన ఊరి వేసవిలో ఎందుకు మొరాయిస్తుందో ఈ లెక్కలోనే ఉంది.

చలిదేశాలలో మాత్రం అంతా సజావుగా సాగిందని అనుకోవద్దు. లండను నగరపు ఇళ్ళలో చలిమంట గూళ్ళు గదినిండా పొగ కక్కుతుండేవి. కౌంట్ రమ్‌ఫర్డ్ అనే శాస్త్రజ్ఞుడు 1796లో దీనిపై ఒక వ్యాసం ప్రకటించి, గూటి లోతును తగ్గించి, పొగగొట్టం గొంతును ఇరుకు చేయమన్నాడు. గొంతు ఇరుకైతే పొగతోపాటు గదిలోని చల్లగాలి అనవసరంగా చొరబడదు, పొగ వేడి నిలుస్తుంది, లాగుడు పెరుగుతుంది. అంతకు కొద్ది ఏళ్ళ ముందే ఆర్గాండ్ అనే స్విట్జర్లాండు వాసి దీపం చుట్టూ గాజు గొట్టం నిలిపి వెలుగును పెంచాడు. మన ఇళ్ళలోని లాంతరు చిమ్నీ ఆ వంశానిదే.

ఇక మన వంటిల్లు. పెంకుటింట్లో పొయ్యికి పైన, కప్పులో చిన్న గవాక్షం విడిచేవారు. పూరింట్లో అదీ లేదు. తాటాకు సందుల్లోంచి పొగ తనంతట తాను వడకట్టుకొని పోవాలి. ఈ రెండింటిలోనూ పొగకు దారి ఉన్నది కానీ లాగే శక్తి లేదు. పొయ్యికీ కప్పుకూ మధ్య గొట్టం లేదు గనుక పొగ ముందుగా గదంతా నిండి, పొయ్యి ముందు కూర్చున్న మనిషిని దాటి, ఆ తరువాత నెమ్మదిగా బయటికి వెళుతుంది. మంట తగ్గితే చేతిలో ఊదుగొట్టం. ఊదడమంటే గాలిని లోపలికి నెట్టడం. నెట్టిన ప్రతిసారీ పొగ ఎదురుగా ముఖం మీదికే వస్తుంది. ఇవన్నీ చాలనట్టు మన ప్రాంతపు వంటచెరకు ఎలాంటిది? పత్తి కట్టె, మిరప కట్టె, కంది కట్టె, పిడకలు. త్వరగా అంటుకొని త్వరగా ఆరిపోయే ఈ పుల్లలను నిమిషనిమిషానికి ఎగదోస్తూ ఉండాలి. అంటే వండే మనిషి పొయ్యి దగ్గర నుంచి కదలడానికి వీలు లేదు.

పొగగొట్టం కట్టడం మన రైతుకు తెలియదా? బాగా తెలుసు. 1920ల నాటికే గుంటూరు ప్రాంతంలో వర్జీనియా పొగాకు సాగు మొదలైంది. ఆ ఆకును క్యూరింగ్ చేసే బ్యారన్‌ను ఎప్పుడైనా లోపలికి వెళ్ళి చూశారా? బయట కొలిమి, అందులో మంట. ఆ మంట నుంచి పుట్టిన వేడి పొగ రేకు గొట్టాలలో బ్యారన్ నేల మీదుగా చుట్టి వచ్చి, చివర నిలువు గొట్టం ద్వారా పైకి పోతుంది. గొట్టాల వేడికి ఆకు ఐదారు రోజులలో పండి, ఎండి, బంగారు రంగు తిరుగుతుంది. పొగ మాత్రం ఒక్క చుక్క కూడా ఆకుకు తగలరాదు. తగిలితే రంగు, వాసన చెడి వేలంలో ధర పడిపోతుంది. అందుకని గొట్టాల అతుకులకు మట్టి మెత్తి, ప్రతి సీజనుకు ముందు లోపలి మసి దులిపి, ఎక్కడ పొగ కారుతుందో రాత్రింబవళ్ళు కాపు కాసేవారు. పేరులోనే పొగ ఉన్న ఆకుకు పొగ సోకనివ్వలేదు. ఆ బ్యారన్‌కు నాలుగు అడుగుల దూరంలో, అదే ఇంటి ఇల్లాలు గొట్టం లేని పొయ్యి ముందు కళ్ళు తుడుచుకుంటూ అన్నం వండింది. ఆకుకు ధర ఉన్నది కాబట్టి దానికి గొట్టం వచ్చింది. ఇంతకంటే మెత్తగా చెప్పే మార్గం నాకు కనిపించదు.

వంటింటి పొగను ఇంజనీరింగు సమస్యగా గుర్తించినవారిలో మన తెలుగు నేల మీద పనిచేసిన వ్యక్తిని మనమే మరిచిపోయాము. హైదరాబాదు ఇంజనీరింగు పరిశోధనాలయంలో పనిచేసిన డాక్టర్ ఎస్.పి. రాజు 1953లో ‘స్మోక్‌లెస్ కిచెన్స్ ఫర్ ది మిలియన్స్’ అనే చిన్న పుస్తకం వెలువరించారు. అప్పటికి చిలకలూరిపేట మద్రాసు రాష్ట్రం నుంచి విడివడి కొత్తగా ఏర్పడుతున్న ఆంధ్ర రాష్ట్రంలోకి వస్తున్నది. రాజుగారు రూపొందించిన పొయ్యి ఆ పరిశోధనాలయం ఆంగ్ల నామంలోని తొలి అక్షరాలతో ‘హెర్ల్’ పొయ్యిగా పేరు పొందింది. మట్టితో కట్టిన పొయ్యి, ఒకే మంట మీద వరుసగా కొన్ని గిన్నెలు, చివర పొగగొట్టం, లాగుడును అదుపు చేయడానికి ఒక రేకు తలుపు. ఆ రేకు తలుపు చిన్న వస్తువే కానీ ఆలోచన పెద్దది. లాగుడు చాలకపోతే పొగ గదిలోకి వస్తుంది. మరీ ఎక్కువైతే మంట వేడి గిన్నెకు అందకుండా గొట్టంలోనే ఎగిరిపోయి కట్టెలు వృథా అవుతాయి. రాజుగారి కంటే కొంచెం ముందు, 1947లో, వార్ధాలోని మగన్‌వాడి నుంచి మగన్ చూల్హా వచ్చింది. దేశం స్వతంత్రమైన తొలి ఏళ్ళలోనే సమస్యకూ సమాధానానికీ రూపురేఖలు ఏర్పడ్డాయన్న మాట.

వైద్యశాస్త్రం కూడా ఆ దశాబ్దంలోనే మేలుకొంది. ఢిల్లీలో డాక్టర్ ఎస్. పద్మావతి 1959లో ప్రకటించిన పరిశోధన ఊపిరితిత్తుల జబ్బు వల్ల గుండె కుడి భాగం దెబ్బతినే వ్యాధిని గురించినది. పొగతాగే అలవాటు అరుదైన స్త్రీలలో కూడా ఆ వ్యాధి పురుషులలో మాదిరిగానే కనిపించడం చూసి, ఆ పరిశోధకుల దృష్టి వంటింటి పొగ మీదికి మళ్ళింది. మా తరం వైద్యులకు ఆ రోగి సుపరిచితురాలు. బీడీ ముట్టని, చుట్ట ఎరుగని యాభై ఏళ్ళ ఇల్లాలు, నాలుగు మెట్లు ఎక్కితే ఆయాసం, పాదాలకు నీరు. సీఓపీడీ అని చీటీ మీద రాస్తాము. ‘ఉబ్బసం’ అని ఇంటివారు సరిపెట్టుకుంటారు. ఏ పొయ్యి మీద వండుతావమ్మా అని అడిగేవారు తక్కువ.

ప్రభుత్వం జాతీయ స్థాయిలో కదలడానికి 1983 దాకా పట్టింది. ఆ ఏడాది చివర మొదలైన మెరుగైన పొయ్యిల పథకం 2002 వరకు నడిచి, దేశమంతటా మూడు కోట్లకు పైగా పొయ్యిలను పంచింది. మన పల్లెల్లో వాటిని ‘పొగరాని పొయ్యి’ అన్నారు. చాలా చోట్ల అవి ఎక్కువ కాలం నిలువలేదు. గొట్టం ఇంటి కొప్పును దాటి లేవాలి. కురచ చేస్తే గాలి విసిరినప్పుడు పొగ తిరిగి లోపలికే వస్తుంది. తాటాకు కప్పులో గొట్టం దూర్చితే వానకు కారుతుంది, నిప్పురవ్వ పడుతుందేమోనన్న భయం వెన్నాడుతుంది. పెద్ద గిన్నె పట్టడానికి పొయ్యి నోరు వెడల్పు చేస్తే లాగుడు పడిపోతుంది. మసి దులపకపోతే గొట్టం గొంతు మూసుకుపోతుంది. బ్యారన్ గొట్టానికి ఏటేటా దొరికిన సేవ వంటింటి గొట్టానికి దొరకలేదు. ఒడిశాలో సుమారు 2,600 కుటుంబాలను నాలుగేళ్ళపాటు గమనించి 2016లో వెలువరించిన ఒక అధ్యయనం ఇదే చెప్పింది: మొదటి ఏడాది పొగ తగ్గింది, తరువాత ఆ మేలు కరిగిపోయింది. పొయ్యిలను సరిగా వాడలేదు, మరమ్మతు చేయలేదు.

మన రాష్ట్రపు కొలతలు కూడా ఉన్నాయి. చెన్నైకి చెందిన కల్పనా బాలకృష్ణన్ బృందం నాటి ఆంధ్రప్రదేశ్‌లోని నిజామాబాదు, వరంగల్లు, రంగారెడ్డి జిల్లాల పల్లెలలో కొలిచి 2004లో ఫలితాలు ప్రకటించింది. ఊపిరితిత్తుల లోతుకు చేరగల సన్నని ధూళి, రోజు సగటున, గ్యాసు వాడే ఇళ్ళలో ఘనపు మీటరుకు 73 మైక్రోగ్రాములు, కట్టెలు, పిడకలు వాడే ఇళ్ళలో 732 దాకా ఉన్నది. పదింతలు. ఆ ఇళ్ళలో అందరికంటే ఎక్కువగా పీల్చింది వండే స్త్రీ. ఇంటి పొగ వల్ల 2020లో ప్రపంచంలో సుమారు 32 లక్షల మంది మరణించారని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా.

లాగుడు చాలనప్పుడు పరిశ్రమలు ఏమి చేశాయి? వేడి మీద ఆధారపడటం మానేశాయి. రైలు ఇంజను వాడిన ఆవిరిని గొట్టంలోకి చిమ్మి పొగను ఈడ్చుకుపోయింది. థర్మల్ విద్యుత్కేంద్రాలు బాయిలరుకూ పొగగొట్టానికీ మధ్య బ్రహ్మాండమైన ఫ్యాన్లు పెట్టాయి. చలిదేశాలలో ఇళ్ళ పొగగొట్టాల కొసన కూడా ఇప్పుడు వేడికి తట్టుకొనే ఫ్యాన్లు బిగిస్తున్నారు. గొట్టం కురచైనా, గాలి ఎదురైనా ఫ్యాను పొగను లాగుతుంది. వేడి ఇచ్చే ఐదారు పాస్కల్‌ల చోట ఫ్యాను వంద, ఆపై ఇవ్వగలదు.

అయితే ఫ్యాను గాలిని సృష్టించదు. ఎంత గాలిని బయటకు పంపితే అంత గాలి ఏదో దారిన లోపలికి రావాలి. మీ పిల్లలు అమెరికాలో ఉంటే వారికి ఈ మాట చెప్పండి. అక్కడి ఇళ్ళు గాలి చొరకుండా బిగువుగా కడతారు. తాలింపు ఘాటు పోవాలని వంటింటి ఫ్యానును పూర్తి వేగంతో తిప్పి, అదే సమయంలో హాలులో చలిమంట వేస్తే, ఫ్యానుకు కావలసిన గాలి ఆ పొగగొట్టం నుంచే తలకిందులుగా దిగుతుంది. దానితో పొగ, కంటికి కనపడని కార్బన్ మోనాక్సైడు గదిలోకి వస్తాయి. నిమిషానికి 400 ఘనపుటడుగుల గాలికి మించి లాగే వంటింటి ఫ్యాను పెడితే, బయటి గాలి లోపలికి వచ్చే ఏర్పాటు కూడా ఉండాలని అక్కడి నమూనా గృహనిర్మాణ నియమావళి చెప్పేది ఇందుకే. మన ఊళ్ళలో ఇరుకు స్నానాలగదిలో, గొట్టం లేని గ్యాసు గీజరు వెలిగించి తలుపు బిగించుకోవడం ఇదే ప్రమాదానికి మరో రూపం. ఆ గీజరును గది బయట పెట్టించండి.

మన వంటిళ్ళలో అసలు మార్పు గొట్టంతో కాక, ఇంధనం మారడంతో వచ్చింది. 1999లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం పొదుపు సంఘాల మహిళలకు గ్యాసు కనెక్షన్లు ఇచ్చే దీపం పథకం మొదలుపెట్టింది. 2016లో దేశమంతటికీ ఉజ్వల వచ్చింది. గ్యాసుకు మసి చాలా తక్కువ. కానీ మరిగే నూనె, మాడే మిరపకాయ పొగ గ్యాసు మీద కూడా పొగే. కాబట్టి చిమ్నీ కొనేటప్పుడు దాని గొట్టం గోడ దాటి బయటకు వెళుతుందో లేదో చూడండి. గొట్టం లేని రకం గాలిని బొగ్గు జల్లెడలో తిప్పి మళ్ళీ మీ ముఖం మీదికే వదులుతుంది. వాసన తగ్గవచ్చు, వేడి, తేమ, వాయువులు గదిలోనే ఉంటాయి. గొట్టం వీలైనంత పొట్టిగా, వంపులు తక్కువగా ఉండాలి. వంట చేస్తున్నంత సేపు ఎదురు కిటికీ కొంచెం తెరవాలి. జిడ్డు జల్లెడను వేడినీళ్ళతో కడగకపోతే ఫ్యాను తిరుగుతున్న చప్పుడే మిగులుతుంది, లాగుడు ఉండదు.

ఇంత అయ్యాక కూడా పేట చుట్టుపక్కల పల్లెల్లో తెల్లవారుజామున నడిచి చూడండి. లోపల గ్యాసు పొయ్యి ఉన్న ఇళ్ళలోనే, దొడ్డిలో మూడు రాళ్ళ మీద నీళ్ళ డేగిసా, దాని కింద పత్తి కట్టె. చలికాలంలో ఆ పొగ ఊరి మీద తెరలా నిలుస్తుంది. పొయ్యి ఆరుబయట ఉంది కదా అని ఎవరూ పట్టించుకోరు. అక్కడ వంగి పుల్లలు ఎగదోస్తున్నది, చాలా ఇళ్ళలో, అరవై దాటిన అత్తగారు.