వర్చువల్ రియాలిటీ వాక్‌త్రూ (పరిశ్రమలు)

వర్చువల్ రియాలిటీ వాక్‌త్రూ: కర్మాగారం, విద్యుత్కేంద్రం వంటి కట్టడాలను నిర్మాణానికి ముందే త్రిమితీయ కంప్యూటర్ నమూనాలో అసలు కొలతలతో నడిచి చూసి సమీక్షించే పద్ధతి. 1968లో ఐవాన్ సదర్లాండ్ చూపిన తలకు తొడిగే తెర దీనికి పునాది. 1980లలో అమెరికాలోని నార్త్ కరోలినా విశ్వవిద్యాలయంలో ఫ్రెడరిక్ బ్రూక్స్ బృందం సిటర్సన్ హాల్ భవనాన్ని కట్టకముందే ఇలా పరిశీలించింది. లాబీ ఇరుకుగా తోచడంతో అక్కడి అడ్డగోడ స్థానం మార్చారు. 1999లో అక్కడి పరిశోధకులే సుమారు 1.3 కోట్ల త్రిభుజాలున్న బొగ్గు విద్యుత్కేంద్రం నమూనాలో సంచారాన్ని సాధ్యం చేశారు.

హెడ్‌సెట్ ధరించినవారు తల తిప్పినకొద్దీ దృశ్యం మారుతుంది. వాల్వు చక్రం చేతికి అందుతుందా, మరమ్మతుకు పంపును బయటికి తీసే చోటుందా, పైపు కేబుల్ ట్రేకు తగులుతుందా అన్నవి తేలతాయి. డ్రాయింగులు చదవడం అలవాటు లేని ఆపరేటర్లూ సమీక్షలో పాల్గొనగలరు. లోపాలను డిజైన్ దశలోనే సరిదిద్దవచ్చు.