బరంపురపు బారిస్టరు, కొలంబో రాయబారి

తోటల పనికై సముద్రము దాటివచ్చిన పెద్దల సంతతివారమగు మనకు కాగితపు విలువ వేరుగా చెప్పనక్కరలేదు. జనన పత్రమును పెట్టె అడుగున భద్రపరచిన ముసలివారిని మనలో పలువు రెరుగుదురు. అట్టి పత్రములు లేకపోవుటచే సింహళమున లక్షలాది తోట కార్మికులు ఏ దేశమునకును చెందనివారైరి. ఆ కాలమున అచ్చట భారతదేశ ప్రతినిధిగా నుండినవారు మన తెలుగువారే. వారే వరాహగిరి వేంకటగిరిగారు.

గిరిగారు 1894 ఆగస్టు 10వ తేదీన గంజాము జిల్లా బరంపురమున జన్మించిరి. తండ్రి జోగయ్య పంతులుగారును న్యాయవాదియే. 1913లో డబ్లిను నగరమునకేగి న్యాయశాస్త్రము చదివిరి. ఐర్లండు స్వాతంత్ర్యోద్యమమును కన్నులార చూచిరి. 1916 తిరుగుబాటు పిమ్మట ఆ దేశమును విడువవలసివచ్చెను. స్వస్థలమున వకాల్తు ప్రారంభించి, సహాయ నిరాకరణోద్యమ కాలమున దానిని వదలుకొనిరి.

అటుపై వారి కక్షిదారులు కార్మికులే. బెంగాల్ నాగపూర్ రైల్వే కార్మికులను సంఘటితపరచిరి. 1927లో జెనీవా అంతర్జాతీయ కార్మిక సమావేశమున, 1931లో లండను రౌండుటేబులు సమావేశమున శ్రామికుల ప్రతినిధిగా కూర్చుండిరి. 1937 ఎన్నికలలో రాష్ట్ర ప్రధానిగానుండిన బొబ్బిలి రాజాగారిని బొబ్బిలిలోనే ఓడించి, రాజాజీ మంత్రివర్గమున కార్మిక శాఖను వహించిరి.

1947లో వారు సింహళమున భారత హైకమిషనరుగా నియమితులైరి. మరుసటి యేడే సింహళ పౌరసత్వ చట్టము వచ్చెను. తండ్రి యచ్చట పుట్టినట్లో, లేక తాత ముత్తాత లిరువురును పుట్టినట్లో చూపగలిగినవారికే వంశపారంపర్య పౌరసత్వము. లయములలో కాపురముండి తేయాకు కోసిన కూలీకి అట్టి సాక్ష్య మెచ్చటనుండి వచ్చును? 1949 నాటి చట్టము మరియొక ద్వారము తెరచినను, వివాహితులకు 7, అవివాహితులకు 10 యేండ్ల యెడతెగని నివాసము రుజువు కావలెనని నిర్బంధించెను. సుమారు 8 లక్షల మంది పక్షమున దరఖాస్తులు పడగా, అంగీకరింపబడినవారు లక్షన్నరకు లోబడిరి.

గిరిగారు 1951 వరకు ఆ పదవిలోనుండిరి. ఆ చట్టముల నాపుట వారి చేతిలోని పనికాదు. కోర్టులో వాదించు న్యాయవాదికి తీర్పు చెప్పు న్యాయమూర్తి యుండును. పరదేశమున రాయబారికి మాట తప్ప మరి యాయుధము లేదు. వారి జీవితమున ఈ యధ్యాయము జయగాథ కాదని యొప్పుకొనుటయే న్యాయము.

అయినను పదవికంటె కార్మికుని పక్షమే వారికి ప్రియమైనది. కేంద్ర కార్మిక మంత్రిగానుండి, బ్యాంకు ఉద్యోగుల తీర్పును ప్రభుత్వము మార్చినందున 1954లో రాజీనామా నిచ్చిరి. 1969 నుండి 1974 వరకు రాష్ట్రపతిగానుండి, 1975లో భారతరత్న పొంది, 1980లో కీర్తిశేషులైరి.

సింహళపు తోటలవారి సమస్య 1964, 1974 ఒడంబడికలతో కొంత తీరెను. ఎందరో ఓడలెక్కి, తామెన్నడు చూడని భారతదేశమునకు పోయిరి. మిగిలినవారికి 2003 నాటి చట్టము పౌరసత్వ మొసగెను. అనగా అర్ధశతాబ్ది పైబడిన నిరీక్షణ.

ఈ కథ మనకు చెప్పునది యొకటే. చెమటయే హక్కునకు సాక్ష్యమని మన పెద్దలు నమ్మిరి. చట్టము కాగితము నడిగెను. కావున మన యింటి జనన, వివాహ పత్రములను భద్రపరతము. మన బిడ్డలలో న్యాయశాస్త్రము చదివినవారు, కాగితము లేనివాని తలుపునుగూడ తట్టుదురుగాక.